బాకేర్ భాయ్‌ను ఉరికెక్కించిన రచయిత సినిమా ఎందుకు తీశారు?

1993లో ఢాకా వీధుల్లో జనం ఊరేగింపులు తీశారు. ఉరిశిక్ష పడిన ఒక మనిషిని వదిలిపెట్టాలన్నది వాళ్ల డిమాండ్. అతన్ని ఉరితీస్తే ఇంటింటా మంటలు లేస్తాయని నినదించారు. చిత్రమేమిటంటే ఆ మనిషి ఏ జైల్లోనూ లేడు. అతని పేరు బాకేర్ భాయ్. బంగ్లాదేశ్ టెలివిజన్‌లో, అంటే బీటీవీలో వస్తున్న ‘కొథావో కేవు నేయి’ అనే ధారావాహికలో ఒక పాత్ర. ‘ఎక్కడా ఎవరూ లేరు’ అని ఆ పేరుకు అర్థం. పేటలో నలుగురు కుర్రాళ్లను వెంటేసుకుని టీ కొట్టు దగ్గర కూర్చునే చిల్లర రౌడీ ఈ బాకేర్. రాజ్‌కపూర్ ‘బర్‌సాత్’లో లతా మంగేష్కర్ పాడిన పాట ఒకటి పదేపదే పెట్టించుకుని వింటుంటాడు. చేయని హత్య కేసులో ఇరుక్కుంటాడు. బదీ అనే సొంత అనుచరుడే అతనికి వ్యతిరేకంగా దొంగసాక్ష్యం చెబుతాడు.

జనం ఎంత మొత్తుకున్నా రచయిత కథ మార్చలేదు. చివరి భాగంలో బాకేర్ భాయ్‌కి ఉరి పడింది. అతన్ని ప్రేమించిన మునా ఒంటరిగా మిగిలింది. కొన్నిచోట్ల ఆ కల్పిత పాత్ర కోసం చావు తర్వాత చేసే కుల్ఖానీ ప్రార్థనలు కూడా జరిగాయి.

ఆ రచయిత హుమాయూన్ అహ్మద్. ఢాకా విశ్వవిద్యాలయంలో రసాయనశాస్త్రం ఆచార్యుడు. అమెరికాలోని నార్త్ డకోటా స్టేట్ యూనివర్సిటీ నుంచి పాలిమర్ కెమిస్ట్రీలో పీహెచ్‌డీ తెచ్చుకున్నవారు. 1972లో వచ్చిన మొదటి నవల ‘నందిత నరకే’తోనే పేరు పొందినవారు. ఆయన పుస్తకాల కోసం ఢాకా ఫిబ్రవరి పుస్తక ప్రదర్శనలో క్యూలు కట్టేవారు. టీవీ రచయితగా అప్పటికి ఆయనకు దక్కినంత అధికారం దక్షిణాసియాలో చాలా తక్కువమందికి దక్కింది. అయినా బాకేర్ భాయ్ ఉరి అయిన మరుసటి ఏడాదే ఆయన సినిమా దర్శకుడయ్యారు. కొంతకాలానికి విశ్వవిద్యాలయం ఉద్యోగం కూడా వదిలేశారు. 2012లో చనిపోయేలోపు ఎనిమిది సినిమాలు తీశారు.

తెలుగులో రచయితలు దర్శకులు కావడం కొత్తేమీ కాదు. జంధ్యాల నుంచి త్రివిక్రమ్ దాకా ఆ దారి మనకు తెలిసిందే. అయితే వాళ్లు సినిమాలకే రాస్తూ సినిమా దర్శకులయ్యారు. హుమాయూన్ ప్రయాణం అలాంటిది కాదు. ప్రభుత్వ టీవీ అనే పూర్తిగా వేరే ప్రపంచంలో ఆయన పని నేర్చుకున్నారు. అక్కడ నేర్చినదే ఆయన సినిమాలకు బలమైంది. బలహీనత కూడా అదే అయింది.

కలర్ టీవీ కోసం మొదలైన రచన

1980ల బంగ్లాదేశ్‌లో ఉన్నది ఒకే చానెల్. 1964 చివర్లో ఢాకాలో మొదలైన ఆ టీవీ కేంద్రం స్వాతంత్ర్యం తర్వాత బీటీవీగా మారింది. రాత్రి వార్తలయ్యాక వచ్చే నాటకం కోసం దేశమంతా కూర్చునేది. టీవీ లేనివాళ్లు పొరుగింటి గుమ్మం దగ్గర చేరేవాళ్లు. మన దూరదర్శన్‌లో ‘హమ్ లోగ్’ వచ్చిన రోజులు గుర్తున్నవారికి ఈ దృశ్యం వేరే చెప్పనక్కర్లేదు. ‘హమ్ లోగ్’ 1984లో మొదలైంది. ఆ మరుసటి ఏడాది హుమాయూన్ మొదటి ధారావాహిక ‘ఎయి షొబ్ దిన్ రాత్రి’ బీటీవీలో వచ్చింది. సరిహద్దుకు ఇవతల కలకత్తాలో కూడా యాంటెనాలు తూర్పుకు తిప్పి ఢాకా నాటకాలు చూసిన కుటుంబాలు ఎన్నో ఉన్నాయి.

ఆ ధారావాహిక ఎందుకు రాశారో హుమాయూన్ దాపరికం లేకుండా చెప్పుకున్నారు. పిల్లలు కలర్ టీవీ కావాలని అడిగారు. లెక్చరర్ జీతంతో అది అయ్యే పని కాదు. అందుకని రాయడానికి ఒప్పుకున్నారు. డబ్బు కోసం రాశానని చెప్పడానికి ఆయన ఎప్పుడూ సిగ్గుపడలేదు. విమర్శకులకు మాత్రం అది చివరిదాకా మింగుడుపడలేదు.

‘ఎయి షొబ్ దిన్ రాత్రి’లో పెద్ద కథంటూ ఏమీ లేదు. ఢాకాలో ఒక మధ్యతరగతి ఉమ్మడి కుటుంబం, చాలీచాలని జీతాలు, ఇంటి భారమంతా మోసే కోడలు నీలు, ఆమె కూతురు టునీ. చివరికి ఆ పాప రక్తక్యాన్సర్‌తో చనిపోతుంది. పాపను బతికించమని ప్రేక్షకులు వేడుకున్నారు. అప్పుడూ ఆయన వినలేదు. బాకేర్ భాయ్ విషయంలో 1993లో జరిగింది ఆ పాత గొడవకే పెద్ద రూపం.

ఆ నాటకాల తయారీ పద్ధతిని కాస్త వివరంగా చూడాలి. తర్వాతి సినిమాలు అర్థం కావాలంటే ఇదే ముఖ్యం. బీటీవీలో దర్శకుడు అనే హోదా విడిగా ఉండేది కాదు. సంస్థ ఉద్యోగి అయిన నిర్మాతే నాటకాన్ని నడిపేవారు. హుమాయూన్ రచనలను ముస్తఫిజుర్ రహమాన్, నవాజిష్ అలీ ఖాన్, బర్కతుల్లా వంటివారు అలా తెరకెక్కించారు. రచయిత పని స్క్రిప్టు అందించడంతో అయిపోతుంది. చిత్రీకరణ ఎక్కువగా స్టూడియో లోపలే. ఒక హాలు, ఒక పడకగది, ఒక వంటిల్లు, ఒక వరండా సెట్ వేస్తారు. బయటికి వెళ్లి తీసేది తక్కువ. అంటే కథంతా గదుల మధ్యే నడవాలి. మనుషులు గుమ్మంలోంచి వస్తారు, మాట్లాడతారు, వెళ్తారు. కదిలేది మాటే.

ఈ నాలుగు గోడలకు సరిపోయే సంభాషణను హుమాయూన్ కనిపెట్టారు. చిన్న చిన్న వాక్యాలు. ఒకరు అడిగినదానికి ఇంకొకరు సూటిగా జవాబివ్వరు. అన్నం ముందు కూర్చుని చావు గురించి మాట్లాడతారు, చావింట్లో కూర గురించి మాట్లాడతారు. ఇంట్లో ఒక పిచ్చిమారాజు మామయ్య ఉంటాడు. యజమానికంటే తెలివైన పనిమనిషి ఉంటుంది. ఆ పాత్రలు మాట్లాడింది సాధు బెంగాలీ కాదు, కలకత్తా యాస కూడా కాదు. ఢాకా ఇళ్లలో నిజంగా వినబడే భాష అది.

చిలక నోట ఒక మాట

1988-89లో వచ్చిన ‘బహువ్రీహి’ హాస్య ధారావాహిక. మన బడి వ్యాకరణంలో చదువుకున్న బహువ్రీహి సమాసమే ఆ పేరు. అందులో ఒక చిలక ఉంటుంది. దానికి రెండే మాటలు నేర్పారు: ‘తుయి రాజాకార్’. అంటే ‘నువ్వు రజాకార్‌వి’ అని.

ఈ మాట బరువు తెలంగాణ పాఠకులకు ఇంకొకరు చెప్పక్కర్లేదు. హైదరాబాద్ సంస్థానంలో ఖాసిం రజ్వీ దళాల పేరు అది. స్వచ్ఛంద సేవకుడు అనే అర్థమున్న మాట 1948 నాటికి మన పల్లెల్లో భయానికి మారుపేరైంది. అదే మాట 1971లో తూర్పు పాకిస్తాన్‌లో మళ్లీ పుట్టింది. పాకిస్తాన్ సైన్యానికి సాయంగా స్థానికులతో ఏర్పాటు చేసిన దళాలకు రజాకార్లనే పేరు పెట్టారు. ఎవరింట్లో ముక్తివాహిని కుర్రాళ్లున్నారు, ఏది హిందువుల ఇల్లు అని చూపించింది చాలాచోట్ల వాళ్లే.

1975లో షేక్ ముజీబ్ హత్య తర్వాత వచ్చిన సైనిక పాలనల్లో ఈ చరిత్ర మెల్లగా మసకబారింది. 1971లో సైన్యం పక్షాన నిలిచినవారు కొందరు మంత్రులు కూడా అయ్యారు. ప్రభుత్వ టీవీలో ‘పాకిస్తాన్ సైన్యం’ అనకుండా ఉత్త ‘దురాక్రమణ సైన్యం’ అని సరిపెట్టేవారు. రజాకార్ అన్న మాట వినబడేదే కాదు. బహువ్రీహి వచ్చేనాటికి జనరల్ ఎర్షాద్ పాలన నడుస్తోంది. మనిషి నోట అనిపించలేని మాటను హుమాయూన్ పక్షి నోట అనిపించారు. చిలకను సెన్సార్ చేయడం కష్టం. అది దేశమంతా నవ్వుతూ పలికే తిట్టయింది.

ఇదే మాట 2024 జూలైలో ఇంకో మలుపు తిరిగింది. రిజర్వేషన్ల మీద ఉద్యమిస్తున్న విద్యార్థులను ఉద్దేశించి అప్పటి ప్రధాని షేక్ హసీనా రజాకార్ల మనవల ప్రస్తావన తెచ్చారు. ఆ రాత్రే ఢాకా విశ్వవిద్యాలయం విద్యార్థులు ఆ ముద్రను తామే ఎత్తుకుని, ఎవరు రజాకార్లు అంటే మేమే అన్నట్లుగా నినాదాలిచ్చారు. మూడు వారాల్లో ప్రభుత్వం కూలిపోయింది. ఒకప్పుడు పాలకులు దాచిపెట్టిన మాటను చిలక బయటపెట్టింది. పాలకులే ఆ మాటను అందరి మీదా విసరడం మొదలుపెట్టాక దాని పదును పోయింది. బాకేర్ భాయ్‌గా నటించిన అసదుజ్జమాన్ నూర్ ఆ తర్వాత అవామీ లీగ్ ఎంపీగా, సాంస్కృతిక మంత్రిగా పనిచేశారు. ఆ ప్రభుత్వం పడిపోయాక 2024 సెప్టెంబర్‌లో అరెస్టయ్యారు. బాకేర్ భాయ్ నిజంగానే జైలుకెళ్లాడని ఆరోజు చాలామంది తలుచుకుని ఉంటారు.

హుమాయూన్‌కు రజాకార్ అన్నది రాజకీయ నినాదం కాదు. ఆయన తండ్రి ఫైజుర్ రహమాన్ అహ్మద్ 1971లో పిరోజ్‌పూర్‌లో సబ్‌డివిజనల్ పోలీసు అధికారి. మే 5న పాకిస్తాన్ సైన్యం ఆయనను నది ఒడ్డున కాల్చి చంపింది. ఇంటికి పెద్దకొడుకైన హుమాయూన్‌కు అప్పటికి ఇరవై రెండేళ్లు. తల్లి, తమ్ముళ్లు, చెల్లెళ్లతో ఆ కుటుంబం ఆశ్రయం కోసం ఇల్లిల్లూ తిరిగింది. ఎవరో దయతలచి తలుపు తీస్తే బతకడం, తీయకపోతే ముందుకు నడవడం. ఆయన మొదటి సినిమా మొత్తం ఒక తలుపు చుట్టూ తిరగడం యాదృచ్ఛికం కాదనుకుంటాను.

తలుపు తీయాలా వద్దా

1992లో ముస్తఫిజుర్ రహమాన్ దర్శకత్వంలో హుమాయూన్ నవల ‘శంఖనీల్ కారాగార్’ సినిమాగా వచ్చింది. స్క్రిప్టు ఆయనదే. ఉత్తమ చిత్రంగా జాతీయ అవార్డు కూడా వచ్చింది. రచయితగా ఆయనకు అక్కడితో ఆగిపోవచ్చు. కానీ ముక్తియుద్ధం మీద తన సినిమా తానే తీయాలనుకున్నారు. ప్రభుత్వ గ్రాంటుకు దరఖాస్తు పెట్టుకున్నారు. గ్రాంటు వచ్చింది. ప్రభుత్వ టీవీలో చిలక నోట తప్ప చెప్పడానికి వీల్లేని కథకు ప్రభుత్వ ధనమే దొరకడం వెనుక ఒక కారణముంది. 1990 డిసెంబర్‌లో ఎర్షాద్ దిగిపోయి ఎన్నికలు జరిగాయి. ఖలీదా జియా ప్రభుత్వానికి 1971తో తన చిక్కులు తనకున్నా, మాట్లాడే జాగా మునుపటికంటే పెరిగింది.

అలా 1994లో ‘ఆగునేర్ పొరశ్‌మొణి’ వచ్చింది. టాగోర్ పాట నుంచి తీసుకున్న పేరు. పొరశ్‌మొణి అంటే మన పరుసవేదే. నిప్పు అనే పరుసవేది అన్నమాట.

కథ చాలా చిన్నది. 1971, కర్ఫ్యూలో ఉన్న ఢాకా. మతీనుద్దీన్ అనే మధ్యతరగతి ఉద్యోగి రాత్రిళ్లు రహస్యంగా స్వాధీన్ బంగ్లా రేడియో వింటూ ఉంటాడు. ఇంట్లో భార్య సుర్మా, ఇద్దరు కూతుళ్లు. ఆ ఇంటికి బదియుల్ ఆలమ్ అనే యువకుడు వచ్చి ఉంటాడు. అతను గెరిల్లా. పగలు బయటికెళ్లి దాడులు చేసి వస్తాడు. సుర్మాకు ఇది బొత్తిగా ఇష్టం లేదు. పెళ్లీడు పిల్ల ఉన్న ఇంట్లో ముక్కూమొహం తెలియని కుర్రాడు ఏమిటి, సైన్యం వస్తే ఏం గతి అని ఆమె భయం. సినిమా ఆమెను పిరికిదని ఎక్కడా తీసిపారేయదు. ఆమె అడిగేది న్యాయమైన ప్రశ్న. దేశం కోసం ఎవరో చావడం గొప్పే, కానీ నా పిల్లల్ని పణంగా పెట్టమని అడిగే హక్కు నీకెక్కడిది? ఆ ప్రశ్నకు సినిమా ఉపన్యాసంతో జవాబివ్వదు. సుర్మా మెల్లగా మారుతుంది. అన్నం వడ్డించే తీరులో, అతను రావడం ఆలస్యమైన రాత్రి ఆమె చూసే చూపులో ఆ మార్పు తెలుస్తుంది. సుర్మాగా చేసింది డాలీ జహూర్. తొమ్మిదేళ్ల ముందు కోడలు నీలుగా టీవీ ప్రేక్షకులు ఇంట్లో మనిషిగా చేసుకున్న నటి.

మిగతా తారాగణమూ అంతే. తండ్రి అబుల్ హయత్, పెద్దకూతురు రాత్రిగా విపాషా హయత్. నిజజీవితంలోనూ వాళ్లు తండ్రీకూతుళ్లే. చిన్నకూతురుగా హుమాయూన్ కూతురు షీలా. గెరిల్లాగా అసదుజ్జమాన్ నూర్. దొంగసాక్ష్యంతో బాకేర్ భాయ్‌ను ఉరికంబం ఎక్కించినవాడి పేరు బదీ. ఏడాది తిరిగేసరికి అదే నూర్ సినిమాలో బదీ అయ్యాడు. ఢాకాలో నిజంగా పోరాడిన క్రాక్ ప్లటూన్ అనే గెరిల్లా దళంలో బదియుల్ ఆలమ్ అనే యువకుడు ఉండేవాడు. 1971 ఆగస్టు చివర్లో సైన్యానికి చిక్కి మళ్లీ కనబడలేదు. పేరు ఆ వీరుడిదే, ముఖం మాత్రం జనం కన్నీళ్లు పెట్టుకున్న ఆ చిల్లర రౌడీది. ప్రేక్షకుడు టికెట్ కొనకముందే సగం పని అయిపోయింది.

దర్శకత్వంలో కొత్తవాడి తడబాటు తెరమీద కనిపిస్తుంది. దాడుల దృశ్యాలు బలహీనంగా ఉంటాయి. బయట వీధుల్లో కెమెరా ఎక్కడ నిలబడాలో తెలియనట్టు ఉంటుంది. మనుషులు ఇంట్లోకి అడుగుపెట్టగానే ఆ అనుమానం పోతుంది. బీటీవీ స్టూడియోలో పదేళ్లు నేర్చుకున్నది ఇక్కడ అక్కరకొచ్చింది. కర్ఫ్యూ నగరంలో జనానికి తెలిసిన యుద్ధం అదే కదా. మూసిన కిటికీ, తగ్గించిన రేడియో శబ్దం, వీధిలో ఆగిన జీపు చప్పుడు. టీవీ నాటకానికి గదులు దాటలేకపోవడం ఒక పరిమితి. ఈ కథలో గది దాటలేకపోవడమే పరిస్థితి. చివర్లో బదీ తుపాకీ గుండు తగిలి ఆ ఇంటికే చేరుతాడు. రాత్రంతా కర్ఫ్యూ, తెల్లవారేదాకా డాక్టర్ రాలేడు. అతన్ని వద్దన్న ఇల్లే అతని చుట్టూ మేలుకుని కూర్చుంటుంది.

ఈ సినిమాకు ఎనిమిది జాతీయ అవార్డులు వచ్చాయి. ఉత్తమ చిత్రం, విపాషాకు ఉత్తమ నటి, సత్యసాహాకు సంగీతం, హుమాయూన్‌కు కథ, సంభాషణలు. ఉత్తమ దర్శకుడి అవార్డు మాత్రం ఆ ఏడాది వేరొకరికి వెళ్లింది. అవార్డుల కమిటీ తీర్పు తప్పని నేననను. అప్పటికి ఆయన సినిమా తీసిన రచయితే.

టీవీ ప్రేక్షకుడిని హాలుకు తెచ్చిన పాట

1990లలో బంగ్లాదేశ్ మధ్యతరగతి సినిమా హాలుకు పోవడం మానేసింది. ఎఫ్‌డీసీ స్టూడియోల్లో తయారయ్యే ఫైట్ల ఫార్ములా, దశాబ్దం చివరికొచ్చేసరికి చొరబడిన అశ్లీలం వాళ్లను దూరం చేశాయి. కుటుంబాలు ఇంట్లో టీవీ ముందే ఉండిపోయాయి. ఆ కుటుంబాలన్నీ హుమాయూన్ ప్రేక్షకులు. 1999లో ‘శ్రాబణ్ మేఘేర్ దిన్’తో ఆయన వాళ్లను కొంతకాలమైనా హాలుకు తీసుకెళ్లారు.

ఈసారి ఇల్లు ఢాకాలో లేదు. ఆయన పుట్టిన నేత్రకోణ వైపు పల్లపు ప్రాంతంలో ఒక జమీందారు భవనం. పట్నం నుంచి మనవరాళ్లు వస్తారు. ఊళ్లో మతి అనే గాయకుడుంటాడు. అతన్ని మనసులో పెట్టుకున్న కుసుమ్ ఉంటుంది. కథ మామూలు ప్రేమ విషాదం. నిలబెట్టింది పాటలు. నేత్రకోణ బావుల్ గాయకుడు ఉకిల్ మున్షీ పాటలను బారీ సిద్దికీ గొంతులో వినిపించారు. అప్పటిదాకా వేణువు వాయించేవాడిగా తెలిసిన బారీ సిద్దికీ రాత్రికి రాత్రి దేశానికి గాయకుడయ్యారు. భవనంలోని ముసలి జమీందారు 1971లో పాకిస్తాన్ సైన్యానికి తన ఇల్లు ఇచ్చినవాడు. ఊరి ముందు అతను తలవంచాల్సిన క్షణం కోసం సినిమా లోలోపల ఎదురుచూస్తుంటుంది. ప్రేమకథ చూడ్డానికొచ్చిన జనానికి ఆయన మళ్లీ అదే లెక్క అప్పజెప్పారు.

ఆ తర్వాతి కొన్నేళ్ల గురించి ఎక్కువ చెప్పడానికి లేదు. ‘దుయి దువారి’, ‘చంద్రకథా’, ‘నయ్ నంబర్ బిపద్ సంకేత్’, ‘ఆమార్ ఆఛే జల్’. గాజీపూర్‌లో కొడుకు పేరుతో కట్టుకున్న నుహాష్ పల్లి అనే తోట ఇల్లు ఆయన స్టూడియో అయిపోయింది. తెలిసిన నటులు, తెలిసిన చెట్లు, తెలిసిన చమత్కారాలు. పిల్లలు తనను చూడ్డానికి రావడం లేదని చచ్చిపోయినట్టు నటించే తండ్రి కథ కూడా ఒకటుంది. గంటసేపు టీవీలో అయితే హాయిగా చూస్తాం. సినిమాగా సాగదీసినట్టుంటుంది. ఇదే కాలంలో పత్రికలు ఆయన సినిమాల కంటే ఆయన విడాకులు, నటి మెహెర్ అఫ్రోజ్ షావోన్‌తో రెండో పెళ్లి గురించే ఎక్కువ రాశాయి. పాఠకుల్లో చాలామంది అలిగారు. పుస్తకాలు కొనడం మాత్రం మానలేదు.

ఈ సినిమాలు ఎందుకు తేలిపోయాయన్నదానికి జవాబు వాటి మధ్యలోనే వచ్చిన 2004 నాటి ‘శ్యామల్ ఛాయా’లో ఉంది. ఇందులో కథ జరిగేది ఒక పడవలో. 1971లో ప్రాణాలు అరచేత పట్టుకుని పారిపోతున్న కుటుంబాలు, హిందువులు, ముస్లింలు, ఒక మౌల్వీ. పడవ కూడా ఆయనకు కావలసిన గదే. దాని చుట్టూ నీళ్లు, ఆ నీళ్ల అవతల సైన్యం. బంగ్లా ముక్తియుద్ధ సినిమాల్లో గడ్డం, టోపీ ఉన్నవాడు రజాకారై తీరాలన్నది దాదాపు సూత్రం. జనాదరణ ఉన్న హీరో రియాజ్‌కు మౌల్వీ వేషమిచ్చి, అతన్ని మంచివాడిగా, భయస్థుడిగా, చివరికి నిలబడ్డవాడిగా చూపించడం చిన్న సాహసం కాదు. చిలకతో రజాకార్ అనిపించిన రచయితే గడ్డమున్న ప్రతివాడినీ అలా అనకండని కూడా చెప్పారు. ఆస్కార్ విదేశీ చిత్రాల పోటీకి బంగ్లాదేశ్ ఈ సినిమాను పంపింది.

నాకు కనిపించేది ఇది. హుమాయూన్‌కు ఇల్లు తీయడం ఎప్పుడూ వచ్చు. ఇంటి బయట భయమున్నప్పుడే అది సినిమా అయింది. గుమ్మం అవతల సైన్యమో, వరదో, ఊరి తీర్పో ఉంటే ఆయన పాత్రల పిచ్చి మాటలు కూడా ప్రాణాలు కాపాడుకునే మాటల్లా వినిపిస్తాయి. బయట నుహాష్ పల్లి మామిడితోట మాత్రమే ఉన్నప్పుడు అవి ఉత్త చమత్కారాలు.

ఇంకో మెలిక కూడా ఉంది. 1999లో చానెల్ ఐ మొదలైంది. దాని సోదర సంస్థ ఇంప్రెస్ టెలిఫిల్మ్ ‘శ్యామల్ ఛాయా’ నుంచి ఆయన సినిమాలకు డబ్బు పెట్టింది. టీవీ వదిలి సినిమాకు వచ్చిన రచయితకు చివరికి పెట్టుబడి టీవీ నుంచే వచ్చింది. హాళ్లు మూతపడుతున్న కాలంలో ఆ సినిమాలను ఎక్కువమంది చూసింది కూడా ఇంట్లో, పండగ పూట, టీవీలోనే.

నీళ్లు తీసేదాకా

2011లో హుమాయూన్‌కు పెద్దపేగు క్యాన్సర్ అని తేలింది. న్యూయార్క్‌లో చికిత్స. చివరి సినిమా ‘ఘేటుపుత్ర కమలా’ మీద పని అప్పటికి జరుగుతోంది.

బంగ్లాదేశ్ ఈశాన్యంలో హావోర్లనే పల్లపు భూములున్నాయి. వానాకాలం వస్తే నాలుగైదు నెలలు ఊళ్లు ద్వీపాలవుతాయి. పొలం పని ఉండదు, ఎటూ కదలలేరు. ఒకప్పుడు ఆ నెలల్లో కాలక్షేపానికి అక్కడి డబ్బున్నవాళ్లు ఘేటు గానం మేళాలను పిలిపించుకునేవారు. ఆడపిల్ల వేషంలో ఆడిపాడే పసివాడిని ఘేటు అంటారు. ఆ పిల్లవాడు పాటతోనే సరిపెట్టలేడు. నీళ్లు తీసేదాకా యజమాని పడకగదికీ వెళ్లాలి. ఊరందరికీ తెలుసు, ఎవరూ ఏమీ అనరు. ఇంటి ఆడవాళ్లు ఆ పిల్లవాడిని సవతిగా చూసేవారు.

సినిమా ఈ ఆచారం మీదే. దాదాపు నూట యాభై ఏళ్ల కిందటి కథ. జహీర్ అనే కుర్రాడికి కమలా అని పేరు పెట్టి తండ్రే మేళంతోపాటు తీసుకొస్తాడు. డబ్బు కావాలి. జమీందారు రాక్షసుడేమీ కాదు. నమాజు చేస్తాడు, కూతురిని ముద్దు చేస్తాడు, చిత్రకారుడిని పెట్టి తన బొమ్మ గీయించుకుంటాడు. ఈ మామూలుతనమే చూసేవాళ్లను ఇబ్బంది పెడుతుంది. హుమాయూన్ పాత టీవీ పద్ధతి ఇక్కడ మళ్లీ పనిచేసింది. ఘోరం తెర మీద కనబడదు. మూసిన తలుపు, లోపలి నుంచి పిల్లవాడి కేక, బయట వరండాలో తలదించుకున్న తండ్రి. భోజనాలు, వెటకారాలు, పాటలు యథాప్రకారం సాగిపోతుంటాయి. చివరికి జమీందారు భార్య దాసి చేత ఆ పిల్లవాడిని మేడ మీంచి తోయిస్తుంది.

‘ఆగునేర్ పొరశ్‌మొణి’లో సుర్మా పరాయి కుర్రాడిని ఇంట్లోకి రానివ్వాలా అని మథనపడింది. బయట సైన్యముంది, లోపల దిక్కు దొరికింది. పద్దెనిమిదేళ్ల తర్వాత అదే రచయిత అదే దృశ్యాన్ని తిరగేశారు. ఇక్కడా ఇంట్లోకి వచ్చింది పరాయి కుర్రాడే. బయట ఉన్నవి నీళ్లు మాత్రమే. భయమంతా ఇంట్లోనే ఉంది. ఈసారి తెర మీద తడబాటు లేదు. మహఫూజుర్ రహమాన్ ఖాన్ కెమెరా నీటి మధ్య ఒంటరి భవనాన్ని చూపించే ప్రతిసారీ ఆ పిల్లవాడికి దారి లేదని మనకు అర్థమవుతుంది.

హుమాయూన్ అహ్మద్ 2012 జూలై 19న న్యూయార్క్‌లో మరణించారు. ఢాకా షహీద్ మినార్ దగ్గర భౌతికకాయాన్ని చూడ్డానికి జనం బారులు తీరారు. సినిమా ఆ సెప్టెంబర్ 7న విడుదలైంది. దీన్ని కూడా బంగ్లాదేశ్ ఆస్కార్‌కు పంపింది. ఆ ఏడాది జాతీయ అవార్డుల్లో ఉత్తమ దర్శకుడిగా ఆయన పేరు ప్రకటించారు. ఎనిమిది సినిమాల్లో దర్శకుడిగా ఆయనకు ఆ అవార్డు రావడం అదొక్కసారే. అప్పటికి ఆయన నుహాష్ పల్లిలో, తను నాటించిన లిచీ చెట్ల కింద సమాధిలో ఉన్నారు.